మదర్ 3 ప్యాచ్ ఎక్కడం లేదు, మూడు సాయంత్రాలు పోయాయి

#1 సందేహాలపుట్ట
మా పెదనాన్నగారి అబ్బాయి టోక్యో నుంచి వస్తూ మదర్ 3 అనే వీడియో గేమ్ క్యాసెట్ తెచ్చి ఇచ్చాడు. నింటెండో వాళ్ల చేతిలో పట్టుకుని ఆడే యంత్రం గేమ్‌బాయ్ అడ్వాన్స్‌ది, 2006లో జపాన్‌లో అమ్మిన అసలు సరుకు. నాకు జపనీస్ అక్షరం ముక్క రాదు. ఆటలోని మాటల్ని ఇంగ్లీషులోకి మార్చే ప్యాచ్ ఫైలు ఒకటి అభిమానులు చేశారని తెలిసి, క్యాసెట్‌లోని ఆటను కంప్యూటర్‌లోకి దించే చిన్న పరికరం కొన్నాను. దించాను. ప్యాచ్ వేయబోతే "ఈ ఫైలు సరిపోలడం లేదు" అని ఒకటే పాట. సోమవారం అదే, మంగళవారం అదే, నిన్నా అదే. హెచ్చరికను పట్టించుకోకుండా బలవంతంగా వేస్తే నల్లటి తెర తప్ప ఏమీ లేదు. 2008 నాటి ప్యాచ్ కదా, మురిగిపోయిందా? అసలు ఈ ఆట మీలో ఎవరైనా ఆడారా, ఆడామని చెప్పుకోవడమేనా?

#2 కప్పదగ్గరసేవ్
ఆడాను, రెండుసార్లు. ఏడ్చాను, అదీ రెండుసార్లు. మీరు దించిన ఫైలు పరిమాణం ఎంత?

#3 సందేహాలపుట్ట
16 ఎంబీ.

#4 కప్పదగ్గరసేవ్
దొంగ దొరికాడు. మదర్ 3 పూర్తిగా 32 ఎంబీ. మీ పరికరం సగం దించి చేతులు దులుపుకుంది. సెట్టింగుల్లో పరిమాణాన్ని దాని తెలివికి వదిలేయకుండా మీరే పెట్టండి. కొన్ని పరికరాలు మెగాబిట్లలో అడుగుతాయి, అప్పుడు 256 అని ఇవ్వాలి.

#5 బ్యాటరీఅయిపోయింది
పరిమాణం సరిచేశాక కూడా మొరాయిస్తే క్యాసెట్ అడుగున ఉన్న లోహపు పళ్లు తుడవండి. ఐసోప్రొపైల్ ఆల్కహాల్, చెవిలో తిప్పుకునే దూది పుల్ల చాలు. నోటితో మాత్రం ఊదకండి. చిన్నప్పుడు మనమందరం చేసిన వైద్యం అదే, దాని తడికే సగం క్యాసెట్లు తుప్పుపట్టాయి. తుడిచాక రెండుసార్లు దించి, రెండు ఫైళ్లూ అచ్చంగా ఒకటేనా అని సరిచూసుకోండి. తేడా వస్తే మురికి ఇంకా ఉన్నట్టే.

#6 మూడోఅంతస్తు
ప్యాచ్ ఒప్పుకోకపోవడం మీ అదృష్టం. పాతకాలపు ఐపీఎస్ రకమైతే మీరు ఏ ఫైలు ఇచ్చినా కళ్లు మూసుకుని రాసిపారేస్తుంది. పైగా దానికి చిరునామా రాసుకోవడానికి మూడు బైట్లే చోటు, కాబట్టి 16 ఎంబీ అవతల లోకం ఉందని కూడా తెలియదు. మదర్ 3ది యూపీఎస్ రకం. వేసే ముందు మీ ఫైలు చెక్‌సమ్, అంటే లోపలి బైట్లన్నిటినీ లెక్కగట్టిన గుర్తింపు సంఖ్య, అడుగుతుంది, వేశాక వచ్చిన ఫైలుదీ చూస్తుంది. జాతకం కలవనిదే పెళ్లిచూపులకు కూడా రానిచ్చే రకం కాదు.

#7 వేదికపెద్ద
చర్చ బాగుంది. ఒక్క మాట: ఆట ఫైళ్ల లంకెలు ఎవరూ పెట్టవద్దు, అడగవద్దు. ప్యాచ్‌ల గురించి ఎంతసేపైనా మాట్లాడుకోండి.

#8 చిలకలపందిరి
పెద్దగారూ, ప్యాచ్ మాత్రం చట్టం ఒప్పుకునేదేనా? ఆట ఫైలు తప్పు, ప్యాచ్ ఒప్పు అంటే నాకు దొంగ చేతికి తాళంచెవి ఇచ్చి తలుపు తీయవద్దన్నట్టుంది.

#9 మూడోఅంతస్తు
ప్యాచ్‌లో ఆట ఉండదు, తేడాలే ఉంటాయి. ఎన్నో బైటు దగ్గర ఏది తీసి ఏది పెట్టాలో రాసిన చీటీ అనుకోండి. సొంత క్యాసెట్ లేనివాడికి ఆ చీటీ చిత్తు కాగితం. కానీ మీ అనుమానంలో కొంత నిజం లేకపోలేదు. ఆ తేడాల్లో ఉన్నది కథ అనువాదం. అనువాదం చేయించుకునే హక్కు రచన హక్కుదారుదేనని మన 1957 కాపీరైట్ చట్టం కూడా చెబుతుంది. కంపెనీలు చూసీచూడనట్టు ఉన్నంతకాలమే నడిచే బండి ఇది.

ఒక్కోసారి చూస్తాయి కూడా. సోనీ చేతి యంత్రం పీఎస్‌పీలో 2011లో వచ్చిన ఫైనల్ ఫాంటసీ టైప్-0 జపాన్ దాటి రాలేదు. అభిమానుల అనువాదం 2014 జూన్‌లో బయటపెట్టారు. జులైకల్లా ఆ ఆట కంపెనీ స్క్వేర్ ఎనిక్స్ హెచ్చరికతో తీసేయాల్సి వచ్చింది. అధికారిక ఇంగ్లీషు ఆట 2015 మార్చిలో, పెద్ద యంత్రాల మీద వచ్చింది.

మదర్ 3 సంగతి దానికి పూర్తిగా ఎదురు. అనువాద బృందానికి ముందు నడిచిన క్లైడ్ మాండెలిన్ వృత్తిరీత్యా అనువాదకుడే, టొమాటో అన్న పేరుతో అందరికీ తెలుసు. నింటెండో కావాలంటే మా పని మొత్తం ఉచితంగా వాడుకోవచ్చని ఆయన అన్నాడు. వాళ్లు ఆపనూ లేదు, తీసుకోనూ లేదు. 2024 ఫిబ్రవరిలో ఆ ఆటను తమ స్విచ్ యంత్రం ఆన్‌లైన్ సేవలో పెట్టారు, మళ్లీ జపాన్ వరకే.

#10 చిలకలపందిరి
ఉచితంగా ఇస్తానన్నా పుచ్చుకోని కంపెనీని మొదటిసారి వింటున్నాను.

#11 గుంటూరుగేమరు
నాది వేరే రకం నష్టం. ఇంగ్లీషులో ఉన్న మదర్ 3 క్యాసెట్ అని ఒక దుకాణంలో 1,400 రూపాయలకు కొన్నాను. అట్టపెట్టె చూస్తే ముచ్చటేసింది. నాలుగు గంటలు ఆడి, సేవ్ చేసి, మర్నాడు పెడితే మళ్లీ మొదటి నుంచి. ఎవరో ఉచితంగా ఇచ్చిన ప్యాచ్‌ను నాసిరకం చిప్పులో ఎక్కించి అమ్మారు.

#12 కప్పదగ్గరసేవ్
ఇంగ్లీషులో అసలు మదర్ 3 క్యాసెట్ అన్నదే లేదు. ఎవరైనా అమ్ముతున్నారంటే నకిలీ అని చెప్పడానికి పెట్టె విప్పాల్సిన పని కూడా లేదు.

#13 గుంటూరుగేమరు
ఈ మాట 1,400 రూపాయల క్రితం చెప్పాల్సింది.

#14 రెంటచింతలఎండ
క్యాసెట్ల మాట వచ్చింది కాబట్టి. బొక్తాయ్ అనే గేమ్‌బాయ్ అడ్వాన్స్ ఆట ఆడినవాళ్లు ఉన్నారా? పేరున్న గేమ్ రూపకర్త హిదేవో కోజిమా నిర్మాతగా 2003లో వచ్చింది. క్యాసెట్‌లోనే ఎండను పసిగట్టే చిన్న సెన్సర్ ఉంటుంది. నిజమైన ఎండలో నిలబడితేనే ఆటలోని తుపాకీ నిండుతుంది, పిశాచాలు చస్తాయి. దుబాయ్ నుంచి మామయ్య తెచ్చాడు. ఏప్రిల్‌లో మిట్టమధ్యాహ్నం డాబా ఎక్కి ఆడేవాణ్ని. జపాన్ పిల్లలు మబ్బు తొలగాలని ఎదురుచూస్తుంటే మా ఊళ్లో సూర్యుడు నా పక్షాన నిలబడి యుద్ధం చేశాడు. పిశాచాలకంటే ముందు అమ్మ నన్ను చంపేది.

2005లో వచ్చిన మూడో భాగం జపాన్ దాటి రాలేదు. ఇంగ్లీషు ప్యాచ్ అభిమానులే చేశారు. కానీ ప్యాచ్ వేసిన ఆటను ఆట ఫైళ్లు ఎక్కించుకునే ఖాళీ క్యాసెట్‌లో, అదే ఫ్లాష్ కార్ట్‌లో, పెడితే సెన్సర్ ఉండదు. కంప్యూటర్‌ను గేమ్‌బాయ్‌లా నటింపజేసే ఎమ్యులేటర్‌లో ఎండను మీటలతో పెంచుకోవచ్చు, తగ్గించుకోవచ్చు. రెంటచింతలలో ఏసీ గదిలో కూర్చుని దొంగ ఎండ పెంచుకుంటూ ఆడాను. ఇంత సిగ్గుపడిన సందర్భం ఇంకొకటి లేదు.

#15 సందేహాలపుట్ట
ఎక్కింది!! పరిమాణం 256 అని ఇచ్చి, పళ్లు తుడిచి, రెండుసార్లు దించాను. ప్యాచ్ కిక్కురుమనకుండా ఒప్పుకుంది. #4, #5 ఇద్దరికీ నా తరఫున పెసరట్టు.

మొదలుపెట్టగానే ఇంటిల్లిపాదికీ పేర్లు అడిగింది. తరవాత ఇష్టమైన తిండి అడిగింది. పప్పుచారు అని పెట్టాను.

#16 కప్పదగ్గరసేవ్
పప్పుచారా! ఇష్టమైన వస్తువు ఏం పెట్టారు? అది జాగ్రత్తగా పెట్టాలి, కథంతా మీతో వస్తుంది. నేను తెలియక "నిద్ర" అని పెట్టాను. లోకాన్ని కాపాడే మహాశక్తి పేరు నిద్ర అయి కూర్చుంది.

#17 సందేహాలపుట్ట
"జీతం" అని పెట్టాను. ఇప్పుడు భయమేస్తోంది.

#18 బ్యాటరీఅయిపోయింది
నెలాఖరులో పనిచేయదు, చూసుకోండి.

#19 సందేహాలపుట్ట
రెండు రోజుల తరవాత మళ్లీ వచ్చాను, మళ్లీ ఫిర్యాదుతోనే. పోరాటంలో పాట తాళానికి సరిగ్గా బటన్ నొక్కితే వరుసగా పదహారు దెబ్బల దాకా పడతాయట. నాకు మూడు దాటడం లేదు. చిన్నప్పుడు ఆరేళ్లు మృదంగం నేర్చుకున్నవాణ్ని, తాళం తప్పుతున్నానంటే నేను నమ్మను.

#20 మూడోఅంతస్తు
చెవిలో ఉన్నవి బ్లూటూత్ ఇయర్‌ఫోన్లేనా?

#21 సందేహాలపుట్ట
అవును.

#22 మూడోఅంతస్తు
మీ మృదంగానికి ఏ లోపమూ లేదు. బ్లూటూత్‌లో శబ్దం కాస్త ఆలస్యంగా చెవికి చేరుతుంది. మీరు విన్న తాళానికి నొక్కుతున్నారు, ఆట అప్పటికే ముందుకు వెళ్లిపోయింది. తీగ ఉన్నవి పెట్టుకోండి. ఇంకో చిట్కా: శత్రువును నిద్రపుచ్చితే పాట తగ్గి గుండెచప్పుడులా అసలు తాళం ఒక్కటే వినిపిస్తుంది. అక్కడ సాధన చేయండి.

#23 సందేహాలపుట్ట
పదకొండు పడ్డాయి. మా గురువుగారికి చెప్పలేను కానీ మీకు చెబుతున్నాను.

#24 నిషికసాయిపిన్ని
ఇప్పటిదాకా చదువుతూ ఊరుకున్నాను, ఇక ఉండలేక రాస్తున్నాను. టోక్యోలో పదకొండేళ్లుగా ఉంటున్నాం. మా అబ్బాయి కోసం పాత ఆటలు కొంటూ కొంటూ నేనే పడిపోయాను. మదర్ 3 జపనీస్‌లో ఆడాను, తరవాత ఇంగ్లీషు ప్యాచ్‌తో ఆడాను. టొమాటోగారి పనికి దండం పెట్టాల్సిందే. కానీ ఆడుతున్నంతసేపూ ఒకటే అనిపించింది. ఇది ఇంగ్లీషు చుట్టు తిరిగి రాకుండా నేరుగా తెలుగులోకి వస్తే ఎంత హాయిగా దిగేదో.

జపనీస్‌లోనూ క్రియ చివరే వస్తుంది. "నేను నిన్ను ఎప్పటికీ" అని ఒక పెట్టె నిండుతుంది. బటన్ నొక్కాలి. అప్పుడు "క్షమించను" అని పడుతుంది, లేదా "మరిచిపోను" అని పడుతుంది. ఆ మధ్యలో గుండె ఆగుతుంది చూడండి, ఇంగ్లీషులో అది పోతుంది, కాదు అన్న మాట ముందే బయటపడిపోతుంది. తెలుగులో ఉన్నది ఉన్నట్టు నిలుస్తుంది. వాళ్ల "తో" మన "అని". వాళ్ల వాక్యం చివరి "నె" మన "కదా". గుండె వాళ్లకు దొకిదొకి, మనకు దడదడ. అన్నను పేరు పెట్టి పిలవకపోవడం మనకు కొత్తగా నేర్పాలా?

#25 చిలకలపందిరి
పిన్నిగారూ, ఒక్క పేచీ. వాళ్లకు "నేను" అనడానికే అరడజను మాటలున్నాయి. మొరటువాడు ఒరె అంటాడు, బుద్ధిమంతుడు బొకు అంటాడు, మర్యాదస్థుడు వతాషి అంటాడు. మనకు ఉన్నది ఒకే ఒక్క నేను. నోరు తెరవగానే మనిషి ఎలాంటివాడో తెలిసే ఆ సుఖం తెలుగులోనూ పోతుంది కదా.

#26 నిషికసాయిపిన్ని
పోతుంది, ఒప్పుకుంటాను. కానీ మనం "నేను"లో పోగొట్టుకున్నది "నువ్వు"లో రాబట్టుకోవచ్చు. నువ్వు, నీవు, మీరు, తమరు, ఒరేయ్, ఏమయ్యా. ఇంగ్లీషుకు అటూ లేదు, ఇటూ లేదు.

#27 పాతబస్తీపిక్సెల్
మదర్ 3లో యొకుబా అని ఒక దుష్టుడున్నాడు. జపనీస్‌లో అత్యాశ అనే మాట నుంచి పుట్టిన పేరు. ఇంగ్లీషు ప్యాచ్‌లో ఆ పేరును ఫస్సాద్ అని మార్చారు. మా హైదరాబాద్‌లో ఆ పేరు వినగానే మా నానమ్మ "ఫసాదా? ఎక్కడ?" అని కిటికీ మూసేసింది. ఉర్దూలో ఫసాద్ అంటే గొడవ, అల్లరి. వాడు ఊళ్లో చేసేది సరిగ్గా అదే. నాకు ఆ పేరు ఇంగ్లీషువాళ్లకంటే బాగా పట్టింది.

#28 గుంటూరుగేమరు
తెలుగులో లోభయ్య.

#29 పాతబస్తీపిక్సెల్
లోభయ్య అంటే హరికథలో పిసినారి వర్తకుడు గుర్తొస్తాడు. నాకు భయం వేయడం లేదు.

#30 తీర్పురిజర్వు
పేర్ల దగ్గరే నాకూ ఒక పాత గాయం ఉంది. గ్యకుతెన్ కెంజి 2 అనే కోర్టు కేసుల ఆట నింటెండో డీఎస్ యంత్రంలో 2011లో వచ్చింది, జపాన్‌కే పరిమితం. 2014లో పూర్తయిన అభిమానుల అనువాదంలో ఆడాను. అందులో న్యాయమూర్తి పేరు జస్టీన్ కోర్ట్నీ, నోరు విప్పితే తానే అందరికంటే గొప్పవాణ్నని చెప్పుకునే కుర్ర ప్రాసిక్యూటర్ సెబాస్టియన్ డిబెస్ట్. పదేళ్లు వాళ్లతో కాపురం చేశాను. 2024 సెప్టెంబరులో ఆ ఆట కంపెనీ క్యాప్‌కామ్ అధికారిక ఇంగ్లీషు ఆట తెచ్చింది. ఆవిడ వెరిటీ గవెల్ అయింది, వాడు యూస్టస్ విన్నర్ అయ్యాడు. అధికారిక అనువాదం నిజంగానే బాగుంది, కాదనను. కానీ నాకు బంధువుల ఇంటికి వెళ్తే అందరూ పేర్లు మార్చుకుని కూర్చున్నట్టుంది.

#31 మూడోఅంతస్తు
మీరు అసలు అనుకుంటున్నదీ అనువాదమే కదా. ఆవిడ అసలు పేరు మికగామి హకారి.

#32 తీర్పురిజర్వు
తెలుసు. మొదట చదివినదే అసలు అనిపిస్తుంది, ఏం చేయను.

#33 నిషికసాయిపిన్ని
హకారి అంటే త్రాసు. తెలుగులో అయితే ఆవిడకు తులసి అని పెట్టేదాన్ని. పేరులోనే తుల ఉంది, ఎవరికీ అనుమానం రాదు.

#34 తీర్పురిజర్వు
తులసి! మూడు పేర్లలో ఇదే నచ్చింది. పదేళ్ల కాపురం వదిలేస్తున్నాను.

#35 చిలకలపందిరి
తులసిదాకా బాగానే ఉంది. యాస వచ్చినప్పుడు చూద్దాం మీ సంబరం. ఆ కోర్టు ఆటల వరుసలోనే మొదటి ఆటలో ఒక ఫొటోగ్రాఫర్ అమ్మాయి జపాన్‌లోని కన్సాయ్ ప్రాంతపు యాసలో మాట్లాడుతుంది. ఇంగ్లీషులో ఆమెకు అమెరికా దక్షిణాది యాస పెట్టారు. తెలుగులో ఏ జిల్లాది పెడతారు?

#36 గుంటూరుగేమరు
శ్రీకాకుళం.

#37 పాతబస్తీపిక్సెల్
ఎందుకు శ్రీకాకుళం? వాగుడుకాయ అనగానే ఎప్పుడూ ఆ జిల్లా మీద పడటమేనా? మాకు సినిమాల్లో జరిగింది చాలదా? దశాబ్దాలపాటు తెలంగాణ మాట వినిపించాలంటే రౌడీ అయినా కావాలి, నవ్వించేవాడైనా కావాలి. ఆ అమ్మాయికి పెడితే గుంటూరు యాసే పెట్టండి, మీరే రాయండి.

#38 గుంటూరుగేమరు
మాకు యాస లేదండీ, మేం మాట్లాడేదే తెలుగు.

#39 పాతబస్తీపిక్సెల్
పెద్దగారూ, ఈ పోస్టుకు తాళం వేయండి.

#40 వేదికపెద్ద
మాది నెల్లూరు. నేను కలగజేసుకోను.

#41 వత్తులరావు
యాసల దాకా ఎందుకు, అక్షరాలే ఎక్కవు. నేను ప్రయత్నించి చెబుతున్నాను. కిందటి దసరా సెలవుల్లో గేమ్‌బాయ్ ఆట ఒకటి పట్టుకున్నాను, కప్ప కోసం గంట మోగుతుంది అనే అర్థం వచ్చే పేరున్న 1992 నాటిది. 2011లో ఇంగ్లీషు ప్యాచ్ వచ్చింది. చిన్న ఆట, మాటలు తక్కువ, సరదాకి తెలుగు చేద్దామనుకున్నాను.

ఆ తెర అడ్డంగా 160 చుక్కలు, నిలువుగా 144. అక్షరం ఎనిమిది చుక్కల గడిలో కూర్చోవాలి. జపనీస్ కటకన లిపి అక్షరాలు అలాంటి గడికి సుఖంగా అమరుతాయి. తెలుగు "ఝ"ను ఎనిమిది చుక్కల్లో గీసి చూశాను, నల్లుల గుంపులా వచ్చింది. ప, ఫ, ష, వ నాలుగూ ఒకే మచ్చ. సరే, నాలుగు గడులు కలిపి పదహారు చుక్కల అక్షరం చేశాను. చదవగలిగేలా వచ్చింది. కానీ తెర బొమ్మల కోసం ఉన్న మెమరీలో పట్టేవి మొత్తం 384 గడులు. అందులోనే బొమ్మలు, గోడలు, చెట్లు, కప్ప అన్నీ ఉండాలి. మన గుణింతాలు ఒక్కటే నాలుగు వందలు దాటతాయి, ఇంకా వత్తులు రాలేదు.

దీనికి విరుగుడు ఉంది. అక్షరాలన్నీ ముందే పేర్చి పెట్టకుండా, ఆ క్షణంలో తెర మీదికి రావాల్సిన వాక్యాన్నే అప్పటికప్పుడు గడుల్లో గీయాలి. ఇంగ్లీషు ప్యాచ్‌లలో సన్నని ఐకి తక్కువ చోటు, డబ్ల్యూకి ఎక్కువ చోటు ఇవ్వడానికి చేసే పని కూడా దాదాపు ఇదే. దానికి ఆట ప్రోగ్రాములో వేలు పెట్టాలి. పెట్టాను. ఆట ఆగిపోయింది. దసరా కూడా అయిపోయింది.

#42 మూడోఅంతస్తు
గేమ్‌బాయ్ వదిలి అడ్వాన్స్‌కు రండి. తెర 240 ఇంటూ 160, కాస్త ఊపిరి ఆడుతుంది. మూడు వరుసల చోట రెండు వరుసలు పెట్టుకుంటే వత్తుకు కింద చోటు మిగులుతుంది.

#43 వత్తులరావు
"స్త్రీ"కి మిగలదు. ఒకదాని కింద ఒకటి రెండు వత్తులు, పైన గుడిదీర్ఘం.

#44 బ్యాటరీఅయిపోయింది
ఆ మాట వాడకండి. "ఆవిడ" అనండి. "రాష్ట్రం" వస్తే "మన వైపు" అనండి. వత్తులు లేకుండా రాస్తే సరి, ఇన్నాళ్లకు అచ్చతెనుగు కవులకు ఉద్యోగం దొరికింది.

#45 నిషికసాయిపిన్ని
వత్తులు లేకుండా ఎలా కుదురుతుంది? ఆట పేరే అమ్మ.

#46 బ్యాటరీఅయిపోయింది
నిజమే. నోరు మూసుకుంటున్నాను.

#47 పాతబస్తీపిక్సెల్
అన్న, అక్క, అయ్య, తమ్ముడు, చెల్లి, నాన్న, అవ్వ, తాత. తాత ఒక్కడే బతికాడు.

#48 సందేహాలపుట్ట
నేను ప్యాచ్ ఎక్కడం లేదని వచ్చానని ఎవరికైనా గుర్తుందా? రాత్రి ఒక చోట చాలాసేపు బటన్ నొక్కలేక కూర్చున్నాను. ఎక్కడో చెప్పను, ఆడనివాళ్లు ఉన్నారు. తరవాత పక్కనే ఉన్న కప్పతో మాట్లాడి, సేవ్ చేసి, ఊరికే అమ్మకు ఫోను చేశాను. పదకొండున్నరకు ఎందుకు చేశావు, ఒంట్లో బాగాలేదా అని కంగారుపడింది.

#49 కప్పదగ్గరసేవ్
ఎక్కడో నాకు తెలుసు. #2లో మొదటి ఏడుపు అక్కడే.

#50 వత్తులరావు
#45 చదివాక నిద్రపట్టలేదు. అడ్వాన్స్ తెర కొలతతో ఖాళీ మాటలపెట్టె ఒకటి తయారుచేసి, అందులో "అమ్మ" ఒక్క మాటే గీశాను. మొదట మ కింది వత్తు పెట్టె అంచుకు తగిలి తెగిపోయింది. అంచును రెండు చుక్కలు కిందికి జరిపాను. ఇప్పుడు తెగడం లేదు.

నేరుగా మదర్ 3 జోలికి వెళ్లను, అంత ధైర్యం లేదు. వస్తువుల పేర్ల జాబితా ఒక్కటి సరదాకి చేస్తాను, పిన్నిగారు జపనీస్ చూసి చెబితే. మొదటి చిక్కు: ఆటలో తలుపుకు ఉండే గుండ్రటిది ఒకటి ఊడిపోతుంది. దాన్ని తెలుగులో ఏమనాలి?

#51 గుంటూరుగేమరు
పిడి.

#52 పాతబస్తీపిక్సెల్
పిడి కత్తికి ఉంటుంది. గుబ్బ.

#53 గుంటూరుగేమరు
గుబ్బ గొడుగుకు ఉంటుంది.

#54 చిలకలపందిరి
గొళ్లెం?

#55 నిషికసాయిపిన్ని
గొళ్లెం ఊడితే తలుపు తెరుచుకుంటుంది బాబూ. ఇది ఊడితే తెరుచుకోదు. గుబ్బకే నా ఓటు.

#56 వత్తులరావు
గుబ్బలో బ కింద వత్తుంది.